శాశ్వత సీటు సంగతి సరే, రాత్రి డ్యూటీ సంగతి ఎవరడుగుతారు?

ప్రశ్న: యుద్ధాలు ఆపలేని ఐక్యరాజ్యసమితిని మూసేస్తే నష్టమేంటి? భారత్‌కు భద్రతా మండలిలో శాశ్వత సభ్యత్వం వస్తే ఏమైనా మారుతుందా?

నేను ఆర్మీలో హవల్దారుగా రిటైరయ్యాను. మాది నల్లగొండ జిల్లా, దేవరకొండ దగ్గర ఒక ఊరు. ఇప్పుడు బత్తాయి తోట చూసుకుంటున్నాను. సర్వీసులో ఉండగా కాంగోలో నీలం టోపీ పెట్టుకుని యూఎన్ శాంతిదళంలో పనిచేశాను. కాబట్టి టీవీలో కోటు వేసుకుని కూర్చునే విశ్లేషకుల కంటే ఈ ప్రశ్నకు జవాబు చెప్పే హక్కు నాకే ఎక్కువ ఉందని నా నమ్మకం.

మా ఊళ్ళో ఎవరూ ఇట్లాంటివి అడగరు. హోటల్ దగ్గర కూర్చుంటే "కాకా, అక్కడ డాలర్లల్ల జీతమంట గదా, ఎన్ని తెచ్చినవ్?" అనే అడుగుతారు. ఒక్కో సైనికుడికి నెలకు 1,400 డాలర్ల పైచిలుకు యూఎన్ లెక్కగట్టే మాట నిజమే. ఆ డబ్బు సైనికుడిని పంపిన ప్రభుత్వానికి వెళ్తుంది, మాకిచ్చే అలవెన్సు వేరు. ప్రభుత్వాలకు ఇచ్చేది కూడా టైముకు రాదు, ఎందుకంటే చందా కట్టాల్సిన పెద్ద దేశాలే బాకీ పెడతాయి. ఇదంతా చెప్పినా మా బామ్మర్ది నమ్మడు. మా ఇంటి పై అంతస్తు చూపించి కాంగో బంగారం అంటాడు. అది బ్యాంకు లోను, ఇంకా కడుతూనే ఉన్నా.

సరే, అసలు విషయం. మా పోస్టు కాంగో తూర్పున, ఉత్తర కివూలో, గోమా నగరం నుంచి కొండల్లోకి పోతే వస్తుంది. దారిలో నల్లటి లావా రాళ్ళు, పైకెక్కితే పచ్చటి కొండలు, వాన. తుపాకీ బిగించిన ఉక్కు బళ్ళు, అంటే బీఎంపీలు రెండు, చుట్టూ ముళ్ళకంచె, ఒక సెర్చ్‌లైటు. ఆ కొండల్లో ఎన్ని సాయుధ ముఠాలున్నాయో ఎవరూ సరిగ్గా చెప్పలేకపోయేవారు. ఈ నెల ఒక ముఠా రెండుగా చీలితే వచ్చే నెల ఆ రెండూ మూడో పేరుతో కలిసేవి.

ఒక రాత్రి లోయ అవతల కాల్పులు మొదలయ్యాయి. కాసేపటికి జనం రావడం మొదలైంది. నెత్తిన పరుపులు, వీపుకు కట్టుకున్న పిల్లలు, మేకలు, పసుపు రంగు నీళ్ళ డబ్బాలు. గేటు తీయొద్దని ఆర్డరు. అందుకని కంచె బయట, మా లైటు వెలుతురు పడేంత మేర సర్దుకుని కూర్చున్నారు. వెలుతురు దాటి ఒక్కరూ కూర్చోలేదు. చోటు చాలక ఒకరి మీద ఒకరు పడుతున్నారు, అయినా చీకటి వైపు జరగరు.

మాకు ఒక స్థానిక కుర్రాడు దుబాసీగా ఉండేవాడు. అంతకుముందు బడిలో పాఠాలు చెప్పేవాడట. చుట్టుపక్కల ఊళ్ళ పెద్దల దగ్గర అతని ఫోన్ నంబరు ఉంటుంది, ఆపదొస్తే చేయమని. ఆ రాత్రి ఆ ఫోను ఆగకుండా మోగింది. "ఇళ్ళలోకి దూరుతున్నారంట సాబ్" అని అతను చెప్పడం, మా మేజర్ సాబ్ రేడియోలో పైకి చెప్పడం, అటునుంచి "ముందు ధ్రువీకరించండి" అనడం. ధ్రువీకరించాలంటే వెళ్ళి చూడాలి. వెళ్ళాలంటే ధ్రువీకరించాలి.

మా అందరి జేబుల్లోనూ ఒక కార్డు ఉండేది, ఎప్పుడు కాల్చొచ్చో, ఎప్పుడు కూడదో అందులో రాసి ఉంటుంది. ముందు "సిమామా" అని కేక వేయాలి, అంటే ఆగమని. తర్వాత మిగతా మెట్లు. జనం ప్రాణాలకు ముప్పుంటే కాల్చే అధికారం కార్డులో స్పష్టంగా ఉంది. చీకట్లో పోస్టు దాటి బయటికి పోవాలంటే మాత్రం పై మాట కావాలి. కార్డు రాసినవాళ్ళకు ముఠాలు రాత్రిపూటే వస్తాయన్న సంగతి ఎవరూ చెప్పినట్టు లేదు.

కంచె దగ్గర ఒకావిడ దుబాసీ మీద అరుస్తోంది. ఏమంటోందని సాబ్ అడిగారు. అతను చెప్పడానికి ఇష్టపడలేదు. గట్టిగా అడిగితే చెప్పాడు: "తెల్లారాక వస్తారు, శవాలు లెక్కబెడతారు, ఫొటోలు తీసుకుని పోతారు, అంతకంటే మీకేం చేతనవుతుంది అంటోంది."

సాబ్ ఒక బీఎంపీ తీయమన్నారు. సగం మందిని పోస్టు దగ్గర ఉంచి, లైట్లన్నీ వేసుకుని, ఇంజన్ రేజ్ చేస్తూ బురదలో వంతెన దాకా పోయాం. ఒక్క తూటా పేల్చలేదు. ఆ మోత వినగానే అవతలివాళ్ళు అడవిలోకి జారుకున్నారు. ఆ ఊరు మిగిలింది. కానీ దారి లేని కొండ మీద ఇంకో పల్లె తగలబడుతుంటే వంతెన మీద నిలబడి చూశాం. బండి అటు పోదు, కాలినడకన పోయేంత మందిమి లేము.

తర్వాత అనుమతి లేకుండా పోస్టు ఎందుకు వదిలారని సంజాయిషీ అడిగారు. సాబ్ ఏదో రాసిచ్చారు. ఆ కాగితం ఏమైందో హవల్దారుకు ఎవరు చెప్తారు?

మూసేస్తే నష్టమేంటి అన్నారు. న్యూయార్క్‌లో ఎవరికీ నష్టం లేదు. ఆ కంచె పక్కన కూర్చున్నవాళ్ళకు ఉంది. 2025 జనవరిలో గోమా నగరమే ఎం23 తిరుగుబాటుదారుల చేతికి పోయిందిగా, అంత దళం ఉండి ఏం లాభం అని మీరు అడగొచ్చు. నిజమే, పోయింది. మాలాంటి పోస్టులు పెద్ద సైన్యాన్ని ఆపడానికి పెట్టినవి కావు.

సాగర్ డ్యామ్ గొడవ గుర్తుందా? 2023 నవంబర్ 30, మన అసెంబ్లీ ఎన్నికల పోలింగ్ రోజు. ముందు రాత్రే ఆంధ్ర పోలీసులు వచ్చి 13వ గేటు దాకా ముళ్ళకంచె వేసి, కుడికాలువకు నీళ్ళు వదిలారు. ఇటు నుంచి మన పోలీసులు పోయారు. చివరికి కేంద్ర హోంశాఖ కల్పించుకుని కాపలా సీఆర్పీఎఫ్‌కు అప్పజెప్పింది, రెండు వైపులా సర్దుకున్నారు. శాంతిదళం పని కూడా అదే. తేడా ఎక్కడంటే సీఆర్పీఎఫ్ వెనక ఢిల్లీ ఉంది, మా వెనక అలాంటి ఢిల్లీ లేదు. 1945 నాటి చార్టర్‌లో, అంటే యూఎన్ రాజ్యాంగంలాంటి దాంట్లో, 43వ ఆర్టికల్ ఉంది, దేశాలు ఒప్పందాలు చేసుకుని భద్రతా మండలికి సైన్యాలు అందుబాటులో ఉంచాలని. ఇప్పటిదాకా అలాంటి ఒప్పందం ఒక్కటీ జరగలేదు. ఇక 2022 ఫిబ్రవరిలో ఉక్రెయిన్ మీద తన దాడిని తప్పుబట్టే తీర్మానాన్ని రష్యా వీటో చేసింది, అంటే తనొక్క ఓటుతో ఆపేసింది, ఆ నెల మండలి అధ్యక్ష స్థానంలో ఉన్నదీ రష్యానే.

మన గడ్డ మీద కూడా ఒక ఫిర్యాదు ఉండేదని చాలామందికి తెలియదు. 1948 ఆగస్టులో నిజాం ప్రభుత్వం భారత్ మీద భద్రతా మండలికెక్కింది. మండలి పారిస్‌లో కూర్చుని దాన్ని చేతికి తీసుకునేసరికి సెప్టెంబర్ 16. మర్నాడు నిజాం లొంగిపోయాడు, కొద్దిరోజులకే ఫిర్యాదు వద్దన్నాడు. అయినా 'హైదరాబాద్ ప్రశ్న' అనే అంశం దశాబ్దాల పాటు మండలి జాబితాలో అలాగే ఉండిపోయింది. సెప్టెంబర్ 17 వస్తే విమోచనమా, విలీనమా అని మన నాయకులు గొంతులు చించుకుంటారు గానీ ఈ ముక్క ఒక్కరూ చెప్పరు.

ఇప్పుడు శాశ్వత సీటు. రావాలి, వద్దనను. కానీ దానికి చార్టర్ మార్చాలి, మూడింట రెండొంతుల దేశాలు ఒప్పుకోవాలి, వీటో ఉన్న ఐదు శాశ్వత దేశాలూ ఆమోదించాలి. మండలిని పెంచింది ఇప్పటికి ఒక్కసారే, 1965లో, అదీ తాత్కాలిక సీట్లు ఆరు నుంచి పదికి. మన జీవితకాలంలో వీటోతో సీటు వస్తుందని నేననుకోను. ఒకవేళ వచ్చినా, అడ్డం పడేవాళ్ళు ఐదుగురికి బదులు ఆరుగురవుతారు.

అంతకంటే దగ్గర్లో ఉన్నది ఎవరూ అడగట్లేదు. శాంతిదళాల ఖర్చులో సగం దాకా అమెరికా, చైనాల వాటా. కాంగో తీర్మానాల ముసాయిదా రాసేది ఫ్రాన్స్. ప్రపంచంలోని శాంతిదళాలన్నీ కలిపి చూస్తే అడవిలో నిలబడేది మాత్రం ఎక్కువగా నేపాల్, బంగ్లాదేశ్, రువాండా, మనమూ. మన దేశం ఇప్పటిదాకా 50కి పైగా మిషన్లకు 2.9 లక్షల మందిని పంపింది, దాదాపు 180 మంది తిరిగి రాలేదు. 1994లో రువాండాలో ఊచకోత మొదలయ్యాక అక్కడి దళాన్ని 270 మందికి కుదించాలని తీర్మానించినవాళ్ళలో అక్కడ డ్యూటీలో ఉన్నవాడి తండ్రి ఒక్కడున్నా ఆ అంకె పడేది కాదు.

మీరు గ్రూప్స్‌కు చదువుతున్నట్టున్నారు. కోచింగ్ సెంటర్ మెటీరియల్ 'ఐదు శాశ్వత, పది తాత్కాలిక' దగ్గరే ఆగిపోతుంది. 44వ ఆర్టికల్ కూడా చదవండి. మండలిలో సభ్యత్వం లేని దేశాన్ని సైన్యం పంపమని అడిగే ముందు, ఆ సైన్యాన్ని ఎలా వాడాలో నిర్ణయించేటప్పుడు ఆ దేశాన్ని పిలవాలని అందులో ఉంది. మనవాళ్ళు అప్పుడప్పుడూ దాన్ని గుర్తుచేస్తారు, మిగతావాళ్ళు తలాడిస్తారు. నేనైతే తీర్మానం రాసే రోజు కుర్చీ వేస్తేనే దళం బయల్దేరుతుందని చెప్తాను. రాత్రి పోస్టు దాటే అధికారం అక్కడున్న కమాండర్‌కే ఉండాలని ఆ తీర్మానంలోనే రాయిస్తాను. దీనికి చార్టర్‌లో ఒక్క అక్షరం మార్చక్కర్లేదు.