గాలి చేత పాడించే బృందం గురించి మేనకోడలికి

చిరంజీవి మేనకోడలికి మామయ్య దీవించి వ్రాయునది.

నీ ఉత్తరం అందింది. గాలిని, వానను, ఉరుమును వాద్యాలుగా చేసుకొని కొండ మీద కచేరీలు చేసే ఒక బృందాన్ని నీ నవలలో సృష్టిస్తున్నానని, వారి నాయకురాలు చేయి ఎత్తగానే ఈదురుగాలి లేచేటట్లు రాశానని, అయినా ఆ అధ్యాయం ఎందుకో చప్పగా ఉందని అన్నావు. పాతికేళ్లుగా గాలివీణలు, అంటే గాలి తగిలితే వాటంతటవే మోగే తీగల వాద్యాలు, చేస్తున్నవాడిని కాబట్టి నాకు తోచింది దాచకుండా చెబుతాను. ఆ చేయి ఎత్తడాన్ని తీసేయి. ఆజ్ఞాపిస్తే గాలి వచ్చేటట్లయితే నీ వాద్యకారులకు చేయవలసిన పనే ఉండదు. గాలి ఎప్పుడు వస్తుందో వారికి తెలియకూడదు. వచ్చిన గాలి ఏమి పాడగలదో ముందుగా నిర్ణయించి పెట్టుకోవడమే వారి విద్య కావాలి.

ఇది నాకు తెలిసివచ్చిన తీరు చెబుతాను. నా మొదటి గాలివీణకు పన్నెండు తీగలు కట్టి, వాటిని పన్నెండు స్వరస్థానాలకు శ్రుతి చేశాను. గాలి తగిలినప్పుడు అది పాడలేదు, మూలిగింది. నాకంటే పెద్దవారైన ఒక వాద్యశిల్పి దాన్ని చూసి, తీగల మందాలు వేరువేరుగా ఉంచి, శ్రుతి మాత్రం అన్నింటికీ ఒకే షడ్జమం చేయమన్నారు. ఆ రాత్రి దాన్ని కిటికీలో పెట్టి, దీపం ఆర్పి కూర్చున్నాను. చాలాసేపు ఏ చప్పుడూ లేదు. తరువాత, ఎప్పుడు మొదలైందో తెలియకుండానే, పైస్థాయి షడ్జమం సన్నగా నిలిచింది. గాలి కొంచెం పుంజుకోగానే దాని మీద పంచమం, ఇంకా పైన అంతర గాంధారం పలికాయి. గాలి తగ్గగానే వచ్చిన దారినే ఒక్కొక్కటిగా దిగిపోయాయి. నేను ఏ తీగనూ గాంధారానికి కట్టలేదు. తంబురాలో మీటని గాంధారం వినిపించినట్లే, ఒకే శ్రుతిలో దాగి ఉన్న స్వయంభూ స్వరాలను గాలి తన వేగాన్నిబట్టి బయటికి తీసింది.

దీని వెనక ఉన్న పద్ధతిని నీ పాత్రలు ఆసాంతం ఎరిగి ఉండాలి. తీగను దాటుతున్న గాలి దాని వెనుక ఒకసారి ఇటు, ఒకసారి అటు చిన్న సుడులను వదులుతుంది. చెక్ శాస్త్రవేత్త విన్సెంట్స్ స్ట్రౌహల్ 1878లో కొలిచి చెప్పిన లెక్క ప్రకారం, గాలి వేగాన్ని తీగ మందంతో భాగించి, అందులో సుమారు ఐదోవంతు తీసుకుంటే సెకనుకు ఎన్ని కంపనాలో వస్తుంది. ఒక మిల్లీమీటరు మందం ఉన్న తీగ మీదుగా సెకనుకు 5 మీటర్ల గాలి వీస్తే 1000 కంపనాలన్నమాట. ఈ లెక్క వంటబట్టిన వృద్ధ వాద్యకారుడు కళ్లు మూసుకొని, పలికిన స్వరాన్నిబట్టి గాలి వేగం చెప్పగలడు. నీ కథకు ఇంతకంటే మంచి మాయ ఎందుకు?

క్రొయేషియాలోని జాదర్ తీరంలో 2005లో వాస్తుశిల్పి నికోలా బాషిచ్ కట్టిన సముద్రవాద్యాన్ని కూడా తలచుకో. అక్కడ మెట్ల కింద 35 గొట్టాలున్నాయి; అలలు లోపలి గాలిని నెట్టగా అవి మోగుతాయి. వాయించేవారు ఎవరూ లేరు, అయినా వినసొంపుగా ఉంటుంది. ఏ అల వచ్చినా స్వరాలు పొసగేటట్లు గొట్టాలను ముందే అమర్చి ఉంచడమే అందుకు కారణం.

బృందంలో కలహం కావాలని అడిగావు. ఎండనే కలహకారిణిని చెయ్యి. ఉష్ణోగ్రత 10 డిగ్రీలు పెరిగితే ధ్వనివేగం సెకనుకు 6 మీటర్లు పెరిగి, వేణువుల శ్రుతి పైకి పోతుంది. అదే ఎండకు లోహపు తీగలు సాగి, వాటి శ్రుతి కిందికి దిగుతుంది. తెల్లవారుజామున ఒక్క ప్రాణంగా ఉన్న రెండు వర్గాలు మధ్యాహ్నానికి ఒకరినొకరు భరించలేని స్థితికి వస్తాయి, తప్పు మాత్రం ఎవరిదీ కాదు. ఇక చర్మవాద్యాలు తేమకు సడలి మూగపోతాయి, కాబట్టి వానరోజున వాటిని కథలోకి తేవద్దు.

వాన చేత తాళం వేయించవద్దు. చినుకులు లెక్కకు లొంగవు. జల్లు ఒక నేపథ్యం మాత్రమే. తాళం వాన వెలిసిన తరువాత దొరుకుతుంది. చూరు నుంచి బోర్లించిన పాత్ర మీదికి జారే చుక్కను విను: మొదట ద్రుతంగా, సమంగా పడుతుంది, నీరు తగ్గేకొద్దీ చుక్కకూ చుక్కకూ మధ్య ఎడం పెరిగి దానంతట అదే విలంబంలోకి వస్తుంది. నీ అధ్యాయానికి ముగింపు అక్కడ ఉందని నా అభిప్రాయం.

ఉరుము సంగతి క్లుప్తంగా చెబుతాను. మెరుపు కనిపించిన తరువాత ధ్వని కిలోమీటరుకు దాదాపు 3 సెకన్ల చొప్పున ఆలస్యంగా వస్తుంది కనుక, ఉరుము రాబోతోందని మెరుపే వారికి సంజ్ఞ కావచ్చు. అయితే కొండ మీద లోహపు తీగల పక్కన నిలబడినవారికి అది ప్రాణాంతకం. ఉరుము వినిపించగానే తీగలు వదిలి కిందికి దిగాలని, చివరి ఉరుము తరువాత అరగంట దాకా మళ్లీ ఎక్కరాదని వారికి కట్టుబాటు పెట్టు. ఎంత గొప్ప స్వరం పలుకుతున్నా వదిలి రాగలిగినవారినే నాయకత్వానికి ఎన్నుకోనీ.

నా చిన్న గాలివీణను నీకు పంపుతున్నాను. కిటికీ గడప మీద పెట్టి, పైనుంచి కిందికి జారే కిటికీ తలుపును తీగల ఎత్తు వరకు దించి, గాలి ఆ సందులోంచి తీగలకు అడ్డంగా పోయేటట్లు చూడు. ఎదురుగా ఉన్న తలుపు కూడా తెరిచి ఉంచు, లేకపోతే గాలికి బయటికి పోయే దారి ఉండదు. మొదటి రాత్రి పలకకపోతే శ్రుతి మార్చవద్దు, సందు మాత్రం ఒక వేలెడు తగ్గించి చూడు.

ఇట్లు,
మామయ్య