ఒక్కో అణువును లాగి కొలిచే బయోఫిజిక్స్‌లో కెరీర్ ఉంటుందా?

మీ తమ్ముడు అమలాపురంలో డిగ్రీ ఫిజిక్స్ చివరి ఏడాదిలో ఉన్నాడనీ, ఒక్క ప్రొటీన్ అణువును పట్టుకుని దాని బలం కొలిచే పరిశోధన చేస్తానంటున్నాడనీ, ఇంట్లో మాత్రం బీఈడీ చేయమంటున్నారనీ రాశారు. నేను అదే పనిలో ఉన్నానండి. మాది భీమవరం దగ్గర పల్లెటూరు, చదివింది ప్రభుత్వ డిగ్రీ కాలేజీలో. నా మాట అడిగితే వెళ్లనివ్వండి. కాకపోతే ఎందులోకి వెళ్తున్నాడో ఇంట్లో అందరికీ ముందే తెలిసి ఉండాలి.

ముందు పని సంగతి చెప్తాను. మన కణాల్లో కైనెసిన్ అనే ప్రొటీన్ ఉంటుంది. మైక్రోట్యూబ్యూల్స్ అనే సన్నటి గొట్టాల మీద సరుకు మోసుకుంటూ నడుస్తుంది. దాని అడుగు 8 నానోమీటర్లు, అంటే మిల్లీమీటరులో పది లక్షల వంతుకు ఎనిమిది రెట్లు. ఆ అడుగుల్ని 1993లో కారెల్ స్వొబోడా, స్టీవెన్ బ్లాక్ బృందం విడివిడిగా చూడగలిగింది. నడుస్తున్న కైనెసిన్‌ను వెనక్కి లాగితే సుమారు ఆరు పికోన్యూటన్ల దగ్గర ఆగిపోతుంది. పికోన్యూటన్ అంటే న్యూటన్‌లో లక్ష కోట్ల వంతు. బలాన్ని అడుగు పొడవుతో గుణిస్తే అది చేసే పని వస్తుంది: ఆరుని ఎనిమిదితో గుణిస్తే 48 పికోన్యూటన్-నానోమీటర్లు. ఒక్కో అడుగుకు ఖర్చయ్యే ఒక ఏటీపీ అణువు (కణానికి ఇంధనం లాంటిది) కణంలో ఇచ్చే శక్తి అదే కొలమానంలో సుమారు 80 నుంచి 100. అంటే దాదాపు సగం శక్తి నేరుగా పనిగా మారుతోంది! ఈ లెక్క మొదటిసారి చేసుకున్నప్పుడే నేను ఈ రంగం వదలకూడదనుకున్నాను.

ఇంత చిన్న బలాన్ని కొలిచేది ఆప్టికల్ ట్వీజర్స్‌తో, అంటే కాంతితో చేసిన పట్టకారుతో. లేజర్ కాంతిని మైక్రోస్కోప్ లెన్స్ గుండా ఒక బిందువుకు చేరిస్తే నీటిలోని మైక్రాన్ (మిల్లీమీటరులో వెయ్యో వంతు) సైజు పూస అక్కడ చిక్కుకుంటుంది. 1986లో బెల్ ల్యాబ్స్‌లో ఆర్థర్ యాష్కిన్, ఆయన సహచరులు ఇది చేసి చూపించారు. 2018లో, 96 ఏళ్ల వయసులో, యాష్కిన్‌కు నోబెల్ వచ్చింది. ప్రొటీన్‌ను ఆ పూసకు అతికించి, పూస ఎంత పక్కకు జరిగిందో చూస్తే బలం తెలుస్తుంది. స్ప్రింగును ఎంత లాగితే అది అంత బలంగా వెనక్కి లాగుతుందనే, మీ తమ్ముడు ఇంటర్‌లో చదువుకున్న హుక్ నియమమే అది; ఇక్కడ కాంతే స్ప్రింగులా పూసను పట్టి ఉంచుతుంది. మరి ఆ కాంతి స్ప్రింగు ఎంత గట్టిదో ఎలా తెలియాలి? నీటి అణువులు తగులుతుంటే పూస వణుకుతూ ఉంటుంది. ఆ వణుకును కొలిస్తే చాలు: స్ప్రింగు గట్టిదైతే వణుకు తక్కువ.

డీఎన్ఏ ఇంకా అందంగా ఉంటుంది. కోనసీమలో కొబ్బరి పీచు తాడుకి పురి పెట్టడం చూసినవాడికి దాని ఆకారం వెంటనే కళ్లకు కడుతుంది. కానీ తాడులో లేని గుణం ఒకటి డీఎన్ఏకి ఉంది. లాగుతూ పోతే సుమారు 65 పికోన్యూటన్ల దగ్గర ఒక్కసారిగా సాగి, మామూలు పొడవుకు 1.7 రెట్లు అవుతుంది.

ఇక రోజువారీ బతుకు. పక్క గదిలో తలుపు వేస్తే కొలత పాడవుతుంది, ఏసీ గాలికి పాడవుతుంది. అందుకే మేం చాలాసార్లు రాత్రిళ్లు పనిచేస్తాం. ఒక్క అణువు అతుక్కోవాల్సిన చోట రెండు అతుక్కుంటాయి, లేదా ఏదీ అతుక్కోదు. నెలల తరబడి పనికొచ్చే డేటా రాని దశలుంటాయి. మార్కులకన్నా ఇక్కడ కావాల్సింది చెడిపోయినదాన్ని విప్పి చూసే అలవాటు. మా నాన్నగారి రొయ్యల చెరువు దగ్గర అర్ధరాత్రి ఏరియేటర్ ఆగిపోతే కరెంటా, మోటారా, వైరా అని ఒక్కొక్కటే చూసుకుంటూ పోయేవాళ్లం. ల్యాబ్‌లో నాకు ఎక్కువగా ఉపయోగపడింది అదే. మీ తమ్ముడికి అలాంటి ఓపిక ఉందో లేదో మీకే బాగా తెలుస్తుంది. ఎంపీసీ నుంచి వచ్చాడు, బయాలజీ రాదని మాత్రం టెన్షన్ పడకండి. అది ల్యాబ్‌లో నేర్చుకోవచ్చు. ఫిజిక్స్ పునాది తర్వాత వేసుకోవడమే కష్టం.

డబ్బు సంగతి దాచను. ఎమ్మెస్సీ రెండేళ్లు, పీహెచ్‌డీ ఐదారేళ్లు, ఆ తర్వాత పోస్ట్‌డాక్ అనే తాత్కాలిక పరిశోధన ఉద్యోగం. స్థిరమైన ఉద్యోగం వచ్చేసరికి ముప్పై దాటిపోతుంది. ఈలోగా బంధువులు పెళ్లిళ్లలో "ఇంకా చదువేనా?" అని అడుగుతూనే ఉంటారు, అది ఇంట్లోవాళ్లకే ఎక్కువ బాధ. అయితే జేఆర్ఎఫ్ (పరిశోధన చేసేవాళ్లకు ఇచ్చే ఫెలోషిప్) వస్తే మొదటి రెండేళ్లు నెలకు 37,000 రూపాయలు, తర్వాత 42,000, పైన హెచ్ఆర్ఏ (ఇంటి అద్దె భత్యం) ఉంటాయి కాబట్టి పీహెచ్‌డీలో ఇంటి మీద భారం పడదు. మనసు మారినా ఆప్టిక్స్, ఇమేజ్ ప్రాసెసింగ్, ప్రోగ్రామింగ్ చేతిలో ఉంటాయి. నాతో చదివినవాళ్లలో కొందరు అలాగే మైక్రోస్కోప్ కంపెనీల్లోకి, సాఫ్ట్‌వేర్‌లోకి వెళ్లి బాగానే ఉన్నారు.

ప్రస్తుతానికి జామ్ అనే ప్రవేశ పరీక్ష రాయించండి. దరఖాస్తులు మామూలుగా సెప్టెంబరులో మొదలవుతాయి, పరీక్ష ఫిబ్రవరిలో ఉంటుంది. దానితో ఐఐటీల్లో ఎమ్మెస్సీకి, బెంగళూరు ఐఐఎస్‌సీలో ఇంటిగ్రేటెడ్ పీహెచ్‌డీకి వెళ్లొచ్చు. పరిశోధన సంస్థల్లో చేరడానికి రాసే టీఐఎఫ్ఆర్ పరీక్ష, జెస్ట్ కూడా వదలొద్దు. ఎమ్మెస్సీలో చేరాక ఇండియన్ అకాడమీ ఆఫ్ సైన్సెస్ వేసవి ఫెలోషిప్‌కు అప్లై చేయమనండి. రెండు నెలలు నిజమైన ల్యాబ్‌లో కూర్చుంటే ఈ పని తనకు సరిపడుతుందో లేదో అతనికే తెలుస్తుంది.