డార్జిలింగ్ టీ ఇంట్లో చేదుగా వస్తోందన్న దానికి సమాధానం

డార్జిలింగ్ ట్రిప్‌లో తాగిన టీ సూపర్‌గా ఉందని ఫస్ట్ ఫ్లష్ (సీజన్‌లో మొదటి కోత ఆకు) పావుకిలో కొనుక్కొచ్చారు, ఇంటికొచ్చి పెడితే చేదు తప్ప వాసనే లేదు, మోసపోయామా అని అడిగారు కదండీ. మోసం ఏం కాకపోవచ్చు, మన డస్ట్ టీలాగా పాలల్లో వేసి మరిగించేస్తున్నా అన్నారు చూడండి, అక్కడే వచ్చింది తేడా.

మనింట్లో వాడేది సీటీసీ, చిన్న గుళికల్లా ఉంటుంది, పాలు తట్టుకుంటుంది. ఫస్ట్ ఫ్లష్ అంటే ఫిబ్రవరి చివర్నుంచి ఏప్రిల్ దాకా వచ్చే లేత చిగురు, దాన్ని మరిగిస్తే చేదు దిగిపోద్ది, పాలు పోస్తే ఆ పూల వాసన చచ్చిపోద్ది.

నీళ్ళు మరిగాక స్టవ్ ఆపి ఒకట్రెండు నిమిషాలు ఆగండి, 85-90 డిగ్రీలకి వస్తే చాలు. కప్పుకి (200 ఎంఎల్) 2 గ్రాముల ఆకు వేసి మూత పెట్టి 3 నిమిషాలకి వడకట్టేయండి, అంతకంటే ఉంచొద్దు. రంగు లేతగానే ఉంటుంది, కంగారుపడి ఇంకో స్పూన్ వెయ్యకండి. అదే ఆకుతో రెండోసారి కూడా వస్తుంది. బోరు నీళ్ళు వద్దు, ఫిల్టర్ నీళ్ళే.

డబ్బా మాత్రం మసాలాల పక్కన పెట్టకండి బాబూ, నేను ఇంగువ పక్కన పెట్టి నెలంతా ఇంగువ టీ తాగాను. పాల టీయే కావాలంటే ఈసారి అస్సాం సీటీసీ తెచ్చుకోండి, డబ్బులూ మిగుల్తాయి.