ఓహాయో మేనల్లుడికి స్టీకు సంగతులు

ఒరేయ్ చిన్నా,

నిన్న రాత్రి నువ్వు ఫోన్లో చెప్పింది విని మీ మావయ్య ఇంకా నవ్వుతూనే ఉన్నాడు. మూడేళ్ళుగా కొలంబస్‌లో ఆమ్లెట్టు, పప్పుచారు, మ్యాగీ మీద బతుకుతున్నవాడివి, వచ్చే శనివారం మీ మేనేజర్ దంపతుల్ని భోజనానికి పిలిచావా! పిలిస్తే పిలిచావు, స్టీకు పెడతానని కూడా మాటిచ్చావా! సరే, ఇచ్చేశావు కదా. ఫోన్లో చెబితే సగం నీ చెవిన పడదని రాస్తున్నా. ప్రింటు తీసి ఫ్రిజ్ తలుపుకి అంటించుకో.

నీకు పోయినసారి మా ఇంట్లో నచ్చిన చెర్రీ, బర్బన్ (అదే, అమెరికా విస్కీ) సాసుతోటే చెయ్యి. కష్టమైన వంటేం కాదు. కష్టమల్లా మన చేతులతోనే. మనం పొయ్యి దగ్గర నిలబడితే చెయ్యి ఊరుకోదు. కలుపుతాం, తిప్పుతాం, మూత తీసి చూస్తాం, ఇంకాస్త కారం వేస్తాం. ఈ వంటకి అది పనికిరాదు. వేశాక వదిలెయ్యాలి, దించాక కూడా వదిలెయ్యాలి.

మీ నానమ్మ ఆదివారం పెద్దకూర ఎలా వండేదో మీ నాన్నని అడుగు. చర్చికి బయల్దేరే ముందు కట్టెల పొయ్యి మీద సన్నసెగన పెట్టేది. మూడు గంటల ఆరాధన అయి వచ్చేసరికి ముక్క వేలితో నొక్కితే విడిపోయేది. నువ్వు కొనబోయే ఫ్లాంక్ స్టీకుకి రెండే దార్లు. పది నిమిషాల్లో దించెయ్యాలి, లేదా అలాగే గంటల తరబడి ఉడకబెట్టాలి. క్యూబా వాళ్ళు రెండో పద్ధతిలో ఉడకబెట్టి, పీచులు పీచులుగా విడదీసి తింటారు. మధ్యలో ఎక్కడ ఆపినా చెప్పు అడుగే. మనవాళ్ళు ఎక్కువమంది సరిగ్గా ఆ మధ్యలోనే ఆపుతారు, 'పచ్చిగా ఉందేమో' అని ఇంకో పది నిమిషాలు కాల్చి.

నేనేం పుట్టుకతో నేర్చుకుని రాలేదు. వచ్చిన కొత్తలో నాతో పనిచేసే ఇద్దరు నర్సుల్ని ఇంటికి పిలిచాను. మాంసం మెత్తబడాలంటే మనకి తెలిసింది ఏంటి? పచ్చి బొప్పాయి. హైదరాబాదులో పత్తర్ కా గోష్త్‌కి పట్టిస్తారు చూడు, అలాగే తొక్కతో సహా నూరి పట్టించి రాత్రంతా ఫ్రిజ్‌లో పెట్టాను. అక్కడ పట్టించేది కొన్ని గంటలే. నేను ఉంచింది పద్నాలుగు గంటలు. పొద్దున తీస్తే పైపొర వేలికి బంకలా అంటుకొచ్చింది, లోపల మాత్రం ఎప్పట్లాగే ఉంది. కాల్చాక పైన ఉప్మా, లోపల రబ్బరు. పాపం వాళ్ళు 'ఇంటరెస్టింగ్' అన్నారు. అమెరికాలో ఆ మాట ఎప్పుడంటారో నీకు తెలుసుగా. బొప్పాయి, అనాస, కివీ, ఈ మూడింట్లోనూ మాంసాన్ని కరిగించే ఎంజైములుంటాయి. స్టీకు దగ్గరికి వాటిని రానివ్వకు.

ఇక కొనడం. ఫ్లాంక్ అంటే ఆవు పొట్ట కింది కండ. పల్చగా, వెడల్పుగా, కొవ్వు పెద్దగా లేకుండా ఉంటుంది. పీచు పొడుగునా గీతలు గీసినట్టు కంటికే కనబడుతుంది. రెండు పౌన్లది, అంటే ఇంచుమించు 900 గ్రాములది, అన్నివైపులా ఒకే మందంలో ఉన్నది తీసుకో. ఒక కొస పల్చగా ఉంటే అది ముందే ఎండిపోతుంది. నలుగురికి బాగా సరిపోతుంది.

ఊరబెట్టడానికి పావు కప్పు సోయా సాసు, ఒక పెద్ద చెంచా వూస్టర్ సాసు, రెండు పెద్ద చెంచాల నూనె, ఒకటి బ్రౌన్ షుగర్, ఒకటి నిమ్మరసం, నలగ్గొట్టిన వెల్లుల్లి రెబ్బలు నాలుగు, కచ్చాపచ్చాగా దంచిన మిరియాలు ఒక చిన్న చెంచా. ఉప్పు వేరే వద్దు, సోయాలో ఉన్నదే చాలు. వూస్టర్ సాసు అనగానే ఏదో పరాయి సరుకనుకోకు. సీసా వెనక చదువు, అందులో చింతపండు ఉంటుంది. మొదటిసారి చూసినప్పుడు నాకు ఊరివాళ్ళెవరో కనబడ్డట్టు అయింది.

ఇదంతా జిప్‌లాక్ సంచిలో పోసి, మాంసం పెట్టి, గాలి తీసేసి ఫ్రిజ్‌లో పెట్టు. శనివారం పొద్దున పదింటికి పెడితే సాయంత్రం ఐదున్నరకి సరిగ్గా ఉంటుంది. ఎక్కువ నానితే ఎక్కువ రుచి అనుకోకు. ఉప్పు ఒక్కటే కాస్త లోపలికి దిగుతుంది, వెల్లుల్లి, మిరియాలు పైపైనే ఆగిపోతాయి. నిమ్మరసం మరీ ఎక్కువసేపు ఉంటే పైపొర పిండిపిండిగా అవుతుంది. గరం మసాలా వెయ్యాలనిపిస్తుంది నీకు, నాకు తెలుసు. వెయ్యకు. ఆ ఊరిన రసం పచ్చి మాంసంలోది, సంచితో సహా పారెయ్యి. సాసులో కలపాలన్న తెలివి చూపించకు.

ఐదున్నరకి బయటికి తీసి, పేపర్ టవల్‌తో తుడువు. నామకార్థం అద్దడం కాదు, స్నానం చేసిన పిల్లాడి తల తుడిచినట్టు గట్టిగా, రెండు మూడు టవళ్ళు తడిసేదాకా. అంటుకున్న వెల్లుల్లి కూడా తీసెయ్యి, లేకపోతే మాడి చేదెక్కుతుంది. ఇంత తుడుపు ఎందుకంటే, పైన తడి ఉన్నంతసేపు ఆ పైభాగం వేడి 100 డిగ్రీల సెంటీగ్రేడు దాటదు, నీళ్ళు మరిగేది అక్కడే కదా. ఎర్రగా కాలి ఆ కమ్మటి వాసన రావాలంటే 140 దాటాలి. 1912లో మయ్యార్ అనే ఫ్రెంచి రసాయన శాస్త్రవేత్త ఈ మార్పు గురించి రాశాడు. అందుకే వంటవాళ్ళు దీన్ని ఇప్పటికీ ఆయన పేరుతోనే పిలుస్తారు. తడి ముక్క పెనం మీద వేస్తే కాలదు, ఉడుకుతుంది.

మావయ్య నీకిచ్చిన ఇనప పెనం ఉందా, లేక దోశలకి పనికిరాలేదని అటకెక్కించావా? అదే కావాలి. నాన్‌స్టిక్ వద్దు. అంత వేడికి దాని పూత పాడవుతుంది, పైగా సాసుకి కావలసిన అడుగు అందులో అంటదు. మీ అపార్టుమెంటులో కరెంటు పొయ్యి కాబట్టి పెనం ఏడెనిమిది నిమిషాలు ఖాళీగా కాలనివ్వు. కిటికీలు తెరిచిపెట్టు, పొగ అలారం పక్కవాళ్ళకి కూడా వినబడుతుంది. నూనె ఒక్క చెంచా చాలు. ముక్క వేశావా, ఇక చేతులు కట్టుకుని నిలబడు. నాలుగు నిమిషాలు. కదపకు, గరిటెతో నొక్కకు, అడుగు ఎలా ఉందో ఎత్తి చూడకు. కాలితే తనే పెనాన్ని వదుల్తుంది. అప్పుడు పట్టకారుతో తిప్పి ఇంకో నాలుగు నిమిషాలు. ఫోర్కు గుచ్చి తిప్పేవాళ్ళని చూస్తే నాకు ఒళ్ళు మండుతుంది.

నిమిషాలు నా పొయ్యి లెక్క. నీ పొయ్యికి థర్మామీటరే సాక్షి. మందంగా ఉన్నచోట పక్కనుంచి గుచ్చి చూడు. 130 ఫారన్‌హీట్ దగ్గర దించితే పళ్ళెంలో ఇంకో నాలుగైదు డిగ్రీలు తనే ఎక్కుతుంది, దాన్నే వీళ్ళు మీడియం రేర్ అంటారు. అమెరికా వ్యవసాయ శాఖ మాత్రం 145 దాకా కాల్చి, మూడు నిమిషాలు ఆగమంటుంది. నర్సుగా నేను చెప్పేది, వచ్చేవాళ్ళలో కడుపుతో ఉన్నవాళ్ళు, వయసు మళ్ళినవాళ్ళు, ఏదైనా పెద్ద జబ్బుకి మందులు వాడేవాళ్ళు ఉంటే 145కి ఒక్క డిగ్రీ కూడా తగ్గకు. ఎవరికెలా కావాలో ముందే అడుగు, అడగడం ఇక్కడ మర్యాదే. కోసినప్పుడు కారే ఎర్రనీళ్ళు చూసి నువ్వు బెదరకు. అది రక్తం కాదు, కండలో ఉండే మయోగ్లోబిన్ అనే ఎర్రటి ప్రొటీను.

పళ్ళెంలోకి తీశాక పది నిమిషాలు దాని జోలికి వెళ్ళకు. ఆ పది నిమిషాలే నీ సాసుకి టైము.

మాంసంలో పండేంటి అని మీ నాన్న మొహం చిట్లిస్తాడు. మరి మామిడికాయ వేసి మాంసం వండితే గిన్నె నాకేది ఎవరంట? గోంగూర, చింతచిగురు, మామిడికాయ, మనవాళ్ళకి మాంసంలో పులుపు కొత్తేం కాదు. ఈ సాసులో చెర్రీ పని కూడా అదే. తీపి చేస్తే జామ్ అవుతుంది, జాగ్రత్త. మిషిగన్ పుల్ల చెర్రీ మాంట్‌మొరెన్సీ నీకు అక్కడ తాజాగా దొరకడం కష్టం, అది తొందరగా మెత్తబడిపోతుంది. నల్లగా మెరిసే తియ్యటి బింగ్ చెర్రీ దొరుకుతుంది, దానికి పులుపు మనం కలుపుకోవాలి. బింగ్ అన్నది ఒక చైనా ఆయన పేరు. 1870ల్లో ఆరెగాన్‌లో ఒక పళ్ళతోటలో పనిచేసేవాడు, ఆ చెట్టుకి ఆయన పేరే పెట్టారు. తర్వాత సొంత దేశం చూసొద్దామని వెళితే, చైనావాళ్ళని రానివ్వని చట్టం వల్ల మళ్ళీ అడుగుపెట్టలేకపోయాడని చెప్తారు. నీ వీసా స్టాంపింగ్ టెన్షన్ విన్నప్పుడల్లా నాకు ఆయనే గుర్తొస్తాడు.

చెర్రీలు కప్పున్నర, శుక్రవారం రాత్రే గింజలు తీసి పెట్టుకో. ఖాళీ బీరు సీసా మూతి మీద పండు పెట్టి చాప్‌స్టిక్‌తో నొక్కితే గింజ సీసాలోకి పడుతుంది. తెల్ల చొక్కా వేసుకుని చెయ్యకు.

బర్బన్ మధ్యరకం ధరలోది కొను. నువ్వు తాగలేనిది సాసులోనూ బాగుండదు, అలాగని ఖరీదైనది పెనంలో పొయ్యడం పాపం. చట్టం ప్రకారం బర్బన్‌లో కనీసం 51 శాతం మొక్కజొన్న ఉండాలి, లోపల కాల్చిన కొత్త ఓక్ పీపాల్లో నిలవ చెయ్యాలి. ఆ కాలిన చెక్క వల్లే వెనిల్లా, బెల్లంపాకం లాంటి వాసన వస్తుంది. చెర్రీకి అదే జోడీ.

ఇప్పుడు పెనంలో ఎక్కువైన నూనె వంపెయ్యి, అడుగున అంటిన ఎర్రటి గీకుడు మాత్రం ఉంచు. సెగ తగ్గించి, సన్నగా తరిగిన చిన్న ఉల్లిపాయ ఒకటి నిమిషంన్నర వేయించు. ఇక్కడ ఆగు. బర్బన్ ఎప్పుడూ సీసాలోంచి నేరుగా పొయ్యకు. మూడోవంతు కప్పు ముందే కొలిచి పెట్టుకో, సీసాకి మూత పెట్టి దూరంగా పెట్టు, పెనాన్ని పొయ్యి మీంచి పక్కకి లాగి అప్పుడు పొయ్యి. ఒకసారి నేను మండుతున్న గ్యాసు మీదే పోశాను. మంట చిమ్నీ దాకా లేచింది. నా ఎడం కనుబొమ్మ సగం మాయం. ఆ వారమంతా డ్యూటీలో పెన్సిలుతో గీసుకుని తిరిగాను. టీవీలో చూపించినట్టు మంట వెలిగించే సరదా నీకొద్దు. దాంతో రుచి పెరిగేది కూడా ఏం లేదు.

పెనం మళ్ళీ పొయ్యి మీద పెట్టి, చెక్క గరిటెతో అడుగు గీకుతూ సగానికి ఇగరనివ్వు. అరకప్పు ఉప్పులేని స్టాక్ (ఎముకలు ఉడికించి వడగట్టిన నీళ్ళు), చెర్రీలు, ఒక పెద్ద చెంచా బాల్సమిక్ వెనిగర్ వేసి ఆరేడు నిమిషాలు మరిగించు. గరిటె వెనక వేలితో గీత గీస్తే గీత నిలవాలి. అప్పుడు దించి రెండు చెంచాల చల్లటి వెన్న వేసి పెనాన్ని ఊపు. రుచి చూసి, తీపి ముందు తగిలితే నిమ్మరసం పిండు. మాంసం పళ్ళెంలో చేరిన రసం కూడా ఇందులోనే పొయ్యి. వెంటనే గిన్నెలోకి మార్చు, పులుపు ఇనప పెనంలో నిలవ ఉంటే లోహపు రుచి వస్తుంది.

కొయ్యడంలో తప్పు చేస్తే ఇంత కష్టమూ వృథా. గీతల్లా కనబడే పీచు ఎటు ఉందో చూసి, దానికి అడ్డంగా, కత్తి కాస్త ఏటవాలుగా పట్టి, పెన్సిలు మందంలో కొయ్యి. పీచు వెంట కోస్తే నమలడానికి ఆదివారం దాకా కూర్చోవాలి.

ఇంకో ముఖ్యమైన మాట. నీ వరంగల్ ఫ్రెండు పెద్దకూర తినడు, వాళ్ళావిడ మందు ముట్టదు అన్నావు. పొయ్యి మీద పెడితే మందంతా ఎగిరిపోతుందని ఎవరైనా చెప్తే నమ్మకు. పావుగంట మరిగినా దాదాపు 40 శాతం మిగులుతుందని వ్యవసాయ శాఖ పట్టికలోనే ఉంది. మంట వెలిగించి ఆర్పేస్తే 75 శాతం ఉంటుందట. కాబట్టి వాళ్ళకి దాచిపెట్టి వడ్డించడం మోసం. ఇంకో పెనంలో చికెన్ తొడ ముక్కలు 165 ఫారన్‌హీట్ దాకా కాల్చు, బర్బన్ బదులు దానిమ్మ రసం పోసి ఇదే సాసు విడిగా చెయ్యి. గరిటెలు, పట్టకారు కూడా వేరే పెట్టు. ఏ గిన్నెలో ఏముందో కూర్చోగానే అందరి ముందూ చెప్పెయ్యి.

పక్కన ఉడకబెట్టిన బంగాళాదుంపలు, ఏదో ఒక ఆకుల సలాడ్ చాలు. బిర్యానీ కూడా చేస్తానని ఎగరకు. మిగిలిన ముక్కలు ఆదివారం పొద్దున చల్లగానే దోశలో పెట్టుకుని ఆ సాసు నంజుకో, నాకు అసలు భోజనం కంటే అదే ఇష్టం.

నా పాత థర్మామీటర్ ఈ రోజే పోస్టులో వేశాను, గురువారానికి అందుతుంది. దాంట్లో బ్యాటరీ లేదు. గుండ్రటిది, నాణెం అంత ఉంటుంది, కొనుక్కో.

నీ అత్త