నిమ్మ కొబ్బరి బార్లు చేయబోతున్న అమ్మలుకి

అమ్మలూ,

ఆదివారం పాతికమందికి నిమ్మ కొబ్బరి బార్లు నువ్వే చేసి పట్టుకెళ్తానన్నావని మీ అమ్మ ఫోన్లో చెప్పింది. వినగానే ఛాతీ ఉప్పొంగింది. ఆ వెంటనే ఇంకో మాట అంది: ఆదివారం పొద్దున్నే లేచి చేస్తావట, అదీ కొత్తగా కొన్న గాజు ట్రేలో. ఇక రాత్రి నిద్ర పట్టలేదు. అందుకే ఈ ఉత్తరం.

ముందు గాజు సంగతి. వేడి గాజు ట్రేని తడి గట్టు మీదో, రాతి గట్టు మీదో పెట్టావంటే ఒక్కసారిగా పగులుతుంది. పగలడమంటే రెండు ముక్కలవడం కాదు, పెంకులు ఎగిరి పడతాయి. ఫ్రిజ్‌లోంచి తీసిన ట్రేని వేడి ఓవెన్లో పెట్టినా అంతే. కొన్ని రకాల గాజు కాస్త ఓర్చుకుంటుంది, కొన్ని ఓర్చుకోవు, చూసి పోల్చడం కష్టం. అదొక్కటే కాదు. గాజు నిదానంగా వేడెక్కుతుంది, వేడెక్కాక ఆ వేడిని వదలదు. నువ్వు బయటికి తీశాక కూడా అంచులు ఉడుకుతూనే ఉంటాయి. తప్పదంటే ఓవెన్ వేడి 15 డిగ్రీలు తగ్గించి, తీశాక పొడి మందపాటి గుడ్డ మీద పెట్టు. నా మాట వింటే మాత్రం లేత రంగు లోహపు ట్రే వాడు. ఉత్త అల్యూమినియం అయితే నిమ్మ పులుపు దాన్ని తినేసి లోహపు రుచి తెస్తుంది. కాబట్టి అడుగూ పక్కలూ కప్పేలా బటర్ పేపర్ పరుచు. రెండు వైపులా రెండంగుళాలు బయటికి వేలాడనివ్వు, తర్వాత ఎత్తడానికి అవే చెవులు.

రెండోది, శనివారం సాయంత్రమే చేసెయ్. ఈ బార్లకి అడుగున మైదా బటర్ పొర, పైన నిమ్మ గుడ్డు మిశ్రమం. అడుగు పొర కాలడానికి 20 నిమిషాలు, పై మిశ్రమానికి 25, బయట చల్లారడానికి గంట, ఫ్రిజ్‌లో కనీసం మూడు గంటలు. అంటే మొదలుపెట్టాక ఐదు గంటల దాకా చాకు పట్టుకునే పని లేదు. పొద్దున్న చేస్తే ఎవరికీ ముక్క దక్కదు, గరిటెతో వడ్డించాలి.

ఎనిమిదంగుళాల చదరపు ట్రేకి 16 ముక్కలు. పాతికమందికి రెండు ట్రేలు. రెండూ ఒకేసారి ఓవెన్లో ఇరికించకు, ఒకదాని తర్వాత ఒకటి పెట్టు. ఇంటి ఓవెన్లో వేడి ఒక మూల ఎక్కువ, ఒక మూల తక్కువ. రెండు ట్రేలు ఉంటే ఏది ఎప్పుడు తీయాలో తెలియక రెండూ పాడుచేస్తావు. కొలతలన్నీ ఒక ట్రేకే రాస్తున్నాను.

అడుగు పొరకి మైదా 120 గ్రాములు, వేయించిన ఎండు కొబ్బరి పొడి 30, పొడి చక్కెర 45, ఉప్పు పావు టీస్పూను, మెత్తబడిన ఉప్పు లేని బటర్ 100 గ్రాములు. వేళ్ళతో నలిపితే తడి ఇసుకలా అవ్వాలి, పిడికిట్లో నొక్కితే ముద్ద కట్టాలి. చపాతీ పిండిలా పిసికేవు సుమా, గట్టిపడిపోతుంది. ఒక చెంచాడు పిండి పక్కన దాచి, మిగతాది చదునైన గ్లాసు అడుగుతో ట్రేలో అదుము. ముఖ్యంగా మూలలు. అక్కడ పలచబడితే నిమ్మ మిశ్రమం దాని కిందికి దూరి, కాలి, జిగురై కాగితానికి అతుక్కుంటుంది. ఫోర్కుతో గుచ్చమని కొందరు చెబుతారు. వద్దు, ప్రతి చిల్లూ ఒక దారే.

175 డిగ్రీల దగ్గర 18 నుంచి 22 నిమిషాలు. ఓవెన్ 15 నిమిషాల ముందే వేడెక్కాలి. ఫ్యాన్ తిరిగే ఓవెన్ అయితే 15 డిగ్రీలు తగ్గించు. అంచులు బంగారు రంగు తిరిగి, మధ్యలో లేత రంగు ఉన్నప్పుడు తీయి. బీటలు కనిపిస్తే దాచిన పిండిని వేడిగా ఉన్నప్పుడే చెంచా వెనకతో మెల్లగా పూయి.

ఇప్పుడు నిమ్మ. తొక్క తురిమాకే రసం పిండాలి. పిండిన డిప్పని తురమబోతే వేళ్ళు తురుముకుంటావు. పసుపు వరకే తీయి, కింద తెల్ల పొర చేదు. రెండు పెద్ద కాయల తురుమును 200 గ్రాముల చక్కెరలో వేసి వేలికొనలతో ఒక నిమిషం నలుపు. చక్కెర గరుకు తొక్కలోని నూనెను పిండేస్తుంది, కాస్త తడి తగిలినట్టై వంటిల్లంతా వాసన కొడుతుంది. ఆ వాసన రసంలో ఉండదు, రసంలో ఉండేది పులుపే. రసం 100 మిల్లీలీటర్లు, కొలిచి తీసుకో. కాయల లెక్క నమ్మకు. పెద్ద కాయ 40 ఇస్తే, పలచ తొక్క చిన్న కాయ 15 ఇస్తే గొప్ప. కమలా రసంతో చేయాలని సరదాపడితే 60 కమలా, 40 నిమ్మ. కమలా ఒక్కటే పోస్తే ఇంత చక్కెరకి అడ్డు నిలిచే పులుపు ఉండదు, వెగటు పుడుతుంది.

ఆ చక్కెరలో 20 గ్రాముల మైదా, చిటికెడు ఉప్పు కలిపి, మూడు గుడ్లు, ఒక పచ్చసొన వేసి కలుపు. గిలక్కొట్టకు. నురగ వస్తే అది పైకి తేలి, ఓవెన్లో తెల్లటి పొక్కుల పొరై కూర్చుంటుంది. విస్క్‌ని, అదే తీగల గిలకని, గిన్నె అడుగునే ఆనించి నెమ్మదిగా తిప్పు. రసం, 40 గ్రాముల ఎండు కొబ్బరి పొడి చివర్లో, అడుగు పొర ఓవెన్లో ఉండగా. గంట ముందే కలిపి పెట్టకు, పులుపు గుడ్డు మీద పని మొదలుపెట్టేస్తుంది. పోసే ముందు మరోసారి తిప్పు, మైదా అడుక్కి దిగుతుంది. అడుగు పొర ఓవెన్లోంచి తీసిన వేడి మీదే పోయాలి. వేడి తగలగానే కింది వరస వెంటనే గట్టిపడి సన్నటి బీటల్ని మూసేస్తుంది. చల్లారిన పొర మీద పోస్తే రసం ముందు దానిలోకి ఇంకుతుంది. ఓవెన్‌ని 160కి దించు.

ఇక్కడి నుంచి జాగ్రత్తగా చదువు. నేను ఏళ్ళ తరబడి చేసిన తప్పు ఇక్కడే ఉంది.

20 నిమిషాలకి ట్రే కదిపితే మధ్యలో వణికేది. ఉడకలేదనుకుని మరో పది నిమిషాలు పెట్టేదాన్ని. అప్పటికీ కొంచెం వణికితే ఇంకో ఐదు. మధ్య గట్టిపడ్డాకే తీసేదాన్ని, నిశ్చింతగా. మర్నాటికి చూస్తే ముక్క మీద సన్నటి సూది రంధ్రాలు, అంచు అడుగు పొర నుంచి విడిపోయి కుంచించుకుపోయి ఉండేది, పెట్టె అడుగున పసుపు నీళ్ళు. నోట్లో పెడితే నిమ్మ వాసన వేసే ఆమ్లెట్. తప్పు నిమ్మ మీదా కొబ్బరి మీదా వేసి, ఓసారి మైదా పెంచాను, ఓసారి గుడ్లు పెంచాను. గుడ్లు పెంచాక ఇంకా ఘోరం.

జరిగేది ఇది. గుడ్డులోని మాంసకృత్తులు వేడికి విచ్చుకుని, ఒకదానికొకటి అల్లుకుని, ఆ వల మధ్యలో నీటిని పట్టి ఉంచుతాయి. చక్కెర ఆ పనిని ఆలస్యం చేస్తుంది, పులుపు తొందరపెడుతుంది. ఈ మిశ్రమం మధ్యలో 77 నుంచి 80 డిగ్రీలకి చేరితే చాలు, వల తయారు. ఇంకా వేడి తగిలితే ఆ వల బిగుసుకుంటూ పోతుంది, తడి గుడ్డ పిండినట్టు నీళ్ళు బయటికి కక్కుతుంది. పెట్టెలోని పసుపు నీళ్ళు అవే. పైగా బయటికి తీశాక ట్రే వేడి మధ్యలోకి పాకుతూనే ఉంటుంది, మరో నాలుగైదు డిగ్రీలు అక్కడ ఎక్కుతాయి. అంటే ఓవెన్లో గట్టిపడే దాకా ఆగితే, గట్టు మీద మాడినంత పని.

కాబట్టి వణుకు చదవడం నేర్చుకో. 18 నిమిషాలకి తలుపు తీసి, ట్రే అంచుని చేతిగుడ్డతో పట్టుకుని ఒక్క కుదుపు కుదుపు. నడుమ అలలు లేచి ఒడ్డుకు కొట్టినట్టు కదిలితే ఇంకా నీళ్ళే, మూసెయ్. అంచు చుట్టూ రెండు వేళ్ళ వెడల్పున కదలకుండా నిలబడి, మధ్య భాగమంతా ఒక్క ముద్దగా, తోడుకున్న పెరుగు గిన్నెని తట్టినప్పుడు కదిలినట్టు కదిలితే, అదే సమయం. సాధారణంగా 20 నుంచి 25 నిమిషాల మధ్య వస్తుంది. వంటగది థర్మామీటరు ఉంటే సన్నటి ముల్లు మధ్యలో గుచ్చు, 77 చూపిస్తే తీసెయ్. ఆ చిల్లుని కొబ్బరి కప్పేస్తుంది. చేయి వణికినా సరే తీయి తల్లీ. వణుకుతున్నదాన్ని బయటికి తీయడానికి గుండె కావాలి, నాకు తెలుసు.

పైన కొబ్బరి త్వరగా ఎర్రబడితే ఖంగారుపడకు. కొబ్బరి తేలికది, తనంతట తనే పైకి తేలి పొర కడుతుంది, ముందు రంగు తిరిగేది అదే. ఆ రంగు చూసి ఉడికిందనుకోకు. మరీ ముదురుతుంటే ఫాయిల్‌ని వదులుగా కప్పు.

కొబ్బరి గురించి ఒక మాట. పాత డబ్బా తెరిచి అలాగే గుమ్మరించేవు. ముందు చిటికెడు నోట్లో వేసుకో. సబ్బు రుచి తగిలితే మొత్తం పారబోయి. కొబ్బరి నూనెలో లారిక్ ఆమ్లం ఎక్కువ. తడి తగిలి నిలవైతే అది విడిపోతుంది, సబ్బు తయారీకి వాడేదీ అదే ఆమ్లం మరి. ఎంత నిమ్మ పిండినా ఆ రుచి దాగదు. చక్కెర కలిపిన కొబ్బరి కొన్నావంటే మిశ్రమంలో 20 గ్రాముల చక్కెర తగ్గించు. పచ్చి కొబ్బరే కావాలంటే గుర్తుంచుకో, అందులో దగ్గరదగ్గర సగం నీళ్ళే. తురిమి, 120 డిగ్రీల ఓవెన్లో తడి పోయేదాకా ఆరబెట్టాకే వాడు. ఎండు కొబ్బరి వేయించేటప్పుడు పక్కకి వెళ్ళకు, ఫోను ముట్టుకోకు. లేత గోధుమ రంగుకీ మాడడానికీ మధ్య అర నిమిషం.

గుడ్డు తిననివాళ్ళు ఉంటే వాళ్ళకి వేరే చేయి. అడుగు పొర పూర్తిగా, 27 నిమిషాలు కాల్చు. 400 మిల్లీలీటర్ల కొబ్బరి పాలలో 45 గ్రాముల కార్న్‌ఫ్లోర్, 150 గ్రాముల చక్కెర, నిమ్మ తురుము కలిపి, చిక్కబడి బుడగలు వచ్చాక ఒక నిమిషం ఉడికించు. పొయ్యి ఆపాకే 100 మిల్లీలీటర్ల రసం పోయాలి. పులుపుతో కలిపి మరిగిస్తే పిండి విరిగి మళ్ళీ పలచబడుతుంది. పొర మీద పోసి నాలుగు గంటలు ఫ్రిజ్. దీన్ని మళ్ళీ ఓవెన్లో పెట్టక్కర్లేదు.

కోయడం. చల్లటి ట్రేలోంచి చెవులు పట్టుకుని ఎత్తు. పెద్ద చాకు వేడినీళ్ళలో ముంచి, తుడిచి, పైనుంచి నిలువుగా ఒక్క దించు. రంపంలా లాగితే కొబ్బరి పోగులు ఈడ్చుకొస్తాయి. ప్రతి కోతకీ చాకు తుడువు, బద్ధకించకు. పొడి చక్కెర వడ్డించే ముందే చల్లు, ముందు చల్లితే తడికి కరిగి మాయమవుతుంది. గుడ్డు ఉన్న వంటకం కాబట్టి బయట రెండు గంటలకి మించి ఉంచకు. ఫ్రిజ్‌లో మూడు నాలుగు రోజులు బాగుంటుంది.

నాలుగంచులూ సన్నగా కోసి పక్కన పెట్టు, అప్పుడే ముక్కలు చూడముచ్చటగా వస్తాయి. ఆ అంచులు పారెయ్యకు. డబ్బాలో వేసి ఫ్రీజర్‌లో పెట్టు, వచ్చే వారం నేను వచ్చి తింటాను. ఈలోపు ఏ ట్రే వాడుతున్నావో నాకు ఫొటో పంపు.

మీ పెద్దమ్మ