చారు నిలిచే కంచం కొనండి

ప్రశ్న: మేం ఇంట్లో ఆరుగురం. అత్తయ్య, మామయ్య, మేమిద్దరం, ఎనిమిదేళ్ళ బాబు, నాలుగేళ్ళ పాప. గృహప్రవేశానికి ఎవరో ఇచ్చిన పింగాణీ డిన్నర్ సెట్ రెండేళ్ళలో సగం అయిపోయింది, కొన్ని పగిలాయి, మిగిలినవాటికి అంచులు పెచ్చులూడాయి. కొత్తది కొందామంటే షాపువాళ్ళు ఓపల్ తీసుకోమంటున్నారు, ఆన్‌లైన్‌లో మెలమైన్ చవగ్గా కనిపిస్తోంది, అత్తయ్యేమో స్టీలు కంచాలుండగా ఇవన్నీ ఎందుకమ్మా అంటున్నారు. కింద టైల్స్, గిన్నెలు పనమ్మాయి తోముతుంది. పదేళ్ళు నిలిచే సెట్ ఒక్కటి చెప్పండి.
- ఓ పాఠకురాలు, కూకట్‌పల్లి

జవాబు: మీ అత్తయ్యగారు చెప్పింది కరెక్టేనమ్మా. ఆరుగురున్న ఇంట్లో, టైల్స్ మీద, రోజుకి మూడు పూటలా వాడి పదేళ్ళు నిలిచేది స్టీలు కంచమే. కాకపోతే స్టీలుని మైక్రోవేవ్‌లో పెట్టలేం, చుట్టాలొచ్చినప్పుడు మీకూ కాస్త మంచివి తీయాలనిపిస్తుంది, కాబట్టి రోజువారీకి స్టీలు, దానికి తోడు ఒక చిన్న ఓపల్ సెట్ పెట్టుకోండి. రెండు పనులూ ఒక్క సెట్‌తో అయిపోవాలని చూస్తేనే డబ్బు దండగ అవుతుంది.

దేనితో చేశారన్నది తర్వాత చూద్దాం, ముందు ఆకారం చూడండి. డిన్నర్ సెట్ అనగానే పూల డిజైన్ చూస్తాం, రంగు చూస్తాం, ఆ పళ్ళెంలో మనం ఏం తింటామో మాత్రం చూడం. మనది కలుపుకుని తినే తిండి కదా. పప్పన్నం దాకా ఏ పళ్ళెమైనా సర్దుకుపోతుంది, అసలు సంగతి చారు పోసుకున్నాకే తెలుస్తుంది. పరచగా ఉండి చుట్టూ రెండు వేళ్ళ వెడల్పున అంచు ఉంటుంది చూడండి, ఆ రకం పళ్ళెంలో అన్నం కలిపే చోటు తక్కువ, చారు ఒక పక్కకి జారిపోతుంది, మజ్జిగ పోసుకుంటే మణికట్టు దాకా కారుతుంది, నాలుగేళ్ళ పాప తింటే ఇక సగం టేబుల్ మీదే ఉంటుంది. అందుకే షాపులో పళ్ళేన్ని బల్ల మీద పెట్టి పక్కనుంచి చూడండి. అడుగు చదునుగా ఉండాలి, గోడ ఒక అంగుళమైనా నిలువుగా లేవాలి, లోపల చెయ్యి పెట్టి అన్నం కలుపుతున్నట్టు తిప్పితే నాలుగు వేళ్ళూ తగలకుండా తిరగాలి. మొహమాటపడకుండా అక్కడే చెయ్యి పెట్టి తిప్పి చూడండి. పెద్దవాళ్ళకి 11 అంగుళాలు, పిల్లలకి 9 అంగుళాలు సరిపోతుంది.

ఇప్పుడు స్టీలు సంగతి. కొట్లో అన్నీ ఒకేలా తళతళలాడతాయి గానీ లోపల రకాలు వేరు. 304 అనేది మంచిది, దాన్నే 18/8 అని కూడా అంటారు, అంటే సుమారు 18 శాతం క్రోమియం, 8 శాతం నికెల్. నికెల్ ఖరీదు ఎక్కువ కాబట్టి దాన్ని తగ్గించి మాంగనీస్ ఎక్కువ కలిపితే 201, 202 లాంటి రకాలు వస్తాయి, చవగ్గా దొరికే సామాన్లలో ఇవి చాలానే ఉంటాయి. ఇవీ పనికొస్తాయి, కానీ ఉప్పుకి, పులుపుకి 304 అంత తట్టుకోలేవు, కొన్నాళ్ళకి సూదితో పొడిచినట్టు చిన్న చిన్న గుంటలు పడతాయి. కొంతమంది షాపువాళ్ళు అయస్కాంతం తీసి, చూడండి అంటుకోలేదు ఇది అసలు స్టీలు అంటారు, దాంతో సరిపెట్టుకోకండి, ఎందుకంటే 304కీ అంటుకోదు, 202కీ అంటుకోదు. నికెల్ లేని 430 లాంటి రకానికి గట్టిగా అంటుకుంటుంది, ఆ పరీక్షతో పట్టుకోగలిగేది దాన్నే. కాబట్టి కంచం వెనక 304 అని కొట్టి ఉందో లేదో చూడండి, స్టీలు పాత్రలకి ఐఎస్ 14756 అని బీఐఎస్ (భారత ప్రమాణాల సంస్థ) వాళ్ళ ప్రమాణం ఉంది, ఆ నంబరుతో ఐఎస్ఐ గుర్తు ఉంటే ఇంకా మంచిది, బిల్లులో కూడా 304 అని రాయించుకోండి. గేజ్ అడిగేటప్పుడు నంబరు పెరిగే కొద్దీ రేకు పల్చనవుతుందని గుర్తుపెట్టుకోండి, 22 గేజ్ కంచం 24 కంటే మందం. రెండు చేతులతో అటూ ఇటూ పట్టుకుని కొంచెం వంచి చూడండి, కటకటమని ఊగితే పక్కన పెట్టేయండి.

ఇంకోటి, అంచు మడత. మీ మామయ్యగారిలాంటి పెద్దవాళ్ళు కంచం చేత్తో పట్టుకుని తింటుంటే అంచు కోసుకోకుండా ఉండాలని లోపలికి మడిచేస్తారు, అది మంచిదే, కానీ ఆ మడత పూర్తిగా మూసుకుపోయి ఉండాలి. మా ఇంట్లో ఒక ఆరు కంచాల సెట్ ఉండేది, తోమి బోర్లిస్తే గంట తర్వాత తీసినా అంచులోంచి నీళ్ళు కారేవి, వేడన్నం వడ్డించాక చూస్తే అంచు వారగా నల్లటి నీటి చుక్క, దాంతోనే సబ్బు వాసన. ఎన్ని నీళ్ళు పోసి కడిగినా ఆ సందులోది పోలేదు, చివరికి ఆరూ పాత సామాన్లకి వేసేశాం. కొనేముందు అంచు కింద గోరు పెట్టి చుట్టూ తిప్పండి, గోరు దిగే సందు ఉంటే వద్దు.

తోమేటప్పుడు ఇనుప పీచు వాడొద్దని పనమ్మాయికి మెల్లిగా చెప్పండి, ఆ పీచు ముక్కలు అంటుకుని అవి తుప్పు పడితే కంచం తుప్పు పట్టిందనుకుంటాం. పచ్చడి మెతుకులతో రాత్రంతా సింకులో వదిలేయకుండా కనీసం నీళ్ళు పోసి ఉంచితే చాలు. బోరు నీళ్ళ తెల్ల మరకలు నిమ్మచెక్కతో రుద్దితే పోతాయి.

ఇక ఓపల్. ఇది పింగాణీ కాదు, గట్టిపరిచిన తెల్ల గాజు. అమెరికాలో కోరెల్ అనే బ్రాండ్ 1970లో వచ్చింది, అది మూడు పొరల గాజు, మన దగ్గర లా ఒపాలా, బొరోసిల్ వాళ్ళ లారా, సెల్లో లాంటివి దొరుకుతున్నాయి. తేలిగ్గా ఉంటుంది, పసుపు మరక పట్టదు, మైక్రోవేవ్‌లో పెట్టొచ్చు, మామూలు పింగాణీలా చీటికీమాటికీ అంచు పెచ్చులూడదు. కానీ పగలదని మాత్రం అనుకోకండి. మధ్యలో తగిలిన దెబ్బకి ఓర్చుకుంటుంది, అంచు మీద పడితే కష్టం. మా ఇంట్లో ఒకటి గ్రానైట్ గట్టు మీంచి అంచు మీద పడింది, ముక్కలు కాదు, సన్నటి పెంకులై వంటిల్లంతా చిమ్మింది, రెండుసార్లు ఊడ్చి తడిగుడ్డ పెట్టినా పది రోజుల తర్వాత ఫ్రిజ్ కిందనుంచి ఒక పెంకు వచ్చింది. నాలుగేళ్ళ పాప ఉత్తకాళ్ళతో తిరిగే ఇల్లు కాబట్టి రోజూ వాడకానికి ఇది వద్దంటున్నాను. ఫ్రిజ్‌లోంచి తీసిన గిన్నెలో సలసల కాగే సాంబారు పోయడం, స్టవ్ మంట మీద పెట్టడం అస్సలు చేయకండి. స్టీలు గరిటెలు తగిలి బూడిదరంగు గీతలు పడితే గాజు గీసుకుపోయిందని బాధపడక్కర్లేదు, చాలావరకు అది స్టీలు అంటుకున్న మరకే, వంటసోడా తడిపి రుద్దండి.

పెద్ద సెట్టు వద్దు. 27 పీసులంటే చాలావాటిలో ఆరు పెద్ద పళ్ళేలు, ఆరు క్వార్టర్ ప్లేట్లు, పన్నెండు చిన్న గిన్నెలు, రెండు వడ్డించే బౌల్స్, ఒక రైస్ ప్లేట్. ఆ పన్నెండు గిన్నెల్లో మీరు వాడేవి ఎన్నో లెక్క వేసుకోండి. విడిగా దొరికే డిజైన్ చూసుకుని ఎనిమిది పళ్ళేలు, ఎనిమిది గిన్నెలు, మూడు వడ్డించే బౌల్స్ తీసుకుంటే, ఒకటి పగిలినా అదే డిజైన్‌లో మళ్ళీ తెచ్చుకోవచ్చు. అందుకే పూలు లేని తెల్లవి మేలు, డిజైన్లు మారిపోతాయి గానీ తెల్లవి ఎప్పుడూ దొరుకుతాయి.

మెలమైన్ అనేది ఒక రకం గట్టి ప్లాస్టిక్, అది మాత్రం వేడి అన్నానికి వద్దు. మైక్రోవేవ్‌లో అందులో వేడి చేయొద్దని అమెరికా ఆహార, ఔషధ నియంత్రణ సంస్థ ఎఫ్‌డీఏ కూడా చెప్తుంది, 70 డిగ్రీలు దాటిన పుల్లటి పదార్థాల్లోకి మెలమైన్ దిగడం ఎక్కువవుతుంది, మన పులుసూ చారూ రెండూ పులుపే, రెండూ పొగలు కక్కుతూనే వడ్డిస్తాం. పకోడీలకీ పండ్ల ముక్కలకీ ఉంచుకోండి.

ప్రశ్న: బోన్ చైనాలో నిజంగా ఎముకలుంటాయా? మా ఇంట్లో మడి పాటిస్తారు, పెళ్ళికి వచ్చిన సెట్ పెట్టెలోనే ఉంది.
- రాజమహేంద్రవరం నుంచి

జవాబు: ఉంటాయండి, పేరుకి కాదు. పశువుల ఎముకలు కాల్చిన బూడిదని మట్టిలో కలుపుతారు, పాత ఇంగ్లీషు పద్ధతిలో అయితే సగం దాకా ఆ బూడిదే. ఆ పల్చదనం, వెలుగుకి పెడితే వేలి నీడ కనిపించడం దాని వల్లే. మీ ఇంట్లో వాడరు కాబట్టి పట్టింపు లేనివాళ్ళకి ఇచ్చేయండి. ఆ తెలుపే కావాలంటే ఓపల్ పెట్టె మీద బోన్ యాష్ ఫ్రీ అని రాసుందేమో చూసి కొనుక్కోండి, మట్టి సామాను ఇష్టమైతే ఉత్తరప్రదేశ్ ఖుర్జా నుంచి వచ్చే స్టోన్‌వేర్ బాగుంటుంది, కాకపోతే బరువు.

ప్రశ్న: అమ్మమ్మ కంచు కంచం నాకొచ్చింది. అందులో పెరుగన్నం తినొచ్చా? డిష్‌వాషర్‌లో వేయొచ్చా? ఇప్పుడు డాలస్‌లో ఉంటున్నాను.
- ఓ పాఠకురాలు

జవాబు: ముందు అది కంచో ఇత్తడో చూసుకోవాలమ్మా. ఇత్తడి రాగీ జింకూ, బాగా పసుపు. కంచు రాగీ తగరమూ, సుమారు 78కి 22 పాళ్ళు, కొంచెం ఎరుపు తిరిగి ఉంటుంది. వేళ్ళ మీద ఆనించి గోటితో కొట్టండి, కంచయితే గంటలా సాగుతూ మోగుతుంది. మోత బొంగురుగా వచ్చి టక్కున ఆగిపోతే ఎక్కడో పగులు ఉందన్నమాట, అంచు వెలుతురులో తిప్పి చూడండి. తూర్పు గోదావరి జిల్లా అజ్జరంలో, శ్రీకాకుళం బూడితిలో ఇప్పటికీ ఇత్తడి, కంచు పని చేసేవాళ్ళున్నారు, ఈసారి ఇంటికొచ్చినప్పుడు అక్కడ చూపించొచ్చు.

కంచయితే పెరుగన్నం అప్పటికప్పుడు కలుపుకుని తినేసి కడిగేయండి, అందులో పెరుగు తోడుపెట్టడం, మిగిలింది దాచడం మాత్రం వద్దు. ఇత్తడైతే లోపల తగరం కళాయి పూత లేకుండా పులుపు ఏదీ పెట్టకండి. డిష్‌వాషర్ వద్దే వద్దు, ఆ పౌడరుకి నల్లబడిపోతుంది. చింతపండు గుజ్జు, చిటికెడు ఉప్పు వేసి చేత్తో రుద్ది, వెంటనే కడిగి, పొడిగుడ్డతో తుడవండి, తడి మీద వదిలేస్తే మచ్చలు పడతాయి. గట్టి నేల మీద జారనీయకండి, కంచు స్టీలులా సొట్టపడి ఊరుకోదు, పగులుతుంది.