ఓటు లేని లొల్లి

తమ్మీ, ఇంటి వాట్సాప్ గ్రూపుల గులాబీ, చెయ్యి, కమలం అని తిట్టుకుంటున్నరు, ఇక్కడ క్లాసుల ట్రంపు లొల్లి, రూమ్‌ల ఇద్దరితోని మాటల్లేవు అని రాసినవు. వీసా సంగతి ఒక్క ముక్కల చెప్త. 2025ల స్టూడెంట్ వీసాకు సోషల్ మీడియా అకౌంట్లు పబ్లిక్ పెట్టమన్నరు, సెప్టెంబర్ల కొత్త హెచ్‌వన్‌బీ ఉద్యోగ వీసాకు లక్ష డాలర్లన్నరు, నీకేది వర్తిస్తదో కాలేజీ ఇంటర్నేషనల్ ఆఫీసుల అడుగు, యూట్యూబ్‌ల కాదు. నాకు బుగులైతున్నది ఆ మాటల్లేవు అన్న కాడ.

నేను హన్మకొండ నుంచి 2009 ఆగస్టుల ఒహాయోకు వచ్చిన. రూమ్‌ల నలుగురం, ఇద్దరు గుంటూరోళ్ళు. డిసెంబర్ 9న చిదంబరం తెలంగాణ ఇస్తమని ప్రకటన చేసినప్పుడు ఇక్కడ పగలు, ఫైనల్స్ వారం, పుస్తకం అవతల పడేసి గంతులేసిన, మా తమ్ముడు కాకతీయ యూనివర్సిటీల రోజూ ధర్నాలల్లనే ఉండె మరి. వాళ్ళు ఒక్క మాటనలే. 23న కేంద్రం వెనక్కి తగ్గింది, పొద్దుగాల లేచేసరికి అండ్ల ఒకాయన పోపు పెట్టుకుంట నవ్వుతున్నడు. నన్ను చూసి నవ్విండో ఇంకేం యాదికొచ్చి నవ్విండో ఇప్పటికీ తెల్వది, నేనైతే సూట్‌కేస్ సర్దిన.

లీజుల నా పేరుండె, మే దాకా రెండు కిరాయిలు కట్టిన, పోనీ పైసలు మళ్ళొస్తయి. సెలవులకు క్యాంపస్ బస్సు బందు, బియ్యం సంచి భుజానేసుకొని మంచుల నడిచిన. జనవరి ఆఖర్ల మేడారం జాతర, ఇండియన్ స్టోర్ల బెల్లం ముద్ద కొని అమ్మల పేరు మీద మొక్కి, ఆ బెల్లాన్నే బంగారమని పంచుదామని చూస్తే రూమ్‌ల నేనొక్కణ్ణే. ఆ ముద్దనే నెలంత గీక్కుంట చాయ్‌ల ఏసుకున్న. ఒకనాడు అమ్మ ఫోన్ చేస్తే గొంతు పెగలలే, జలుబన్న. మీకేమో చేతుల ఫోనుంటది, ఒంటరితనమంటే ఏందో తెల్వదు మీకు.

ఇప్పుడు ఇల్లున్నది, పిల్లలున్నరు, గ్రీన్‌కార్డు లైన్ల ఇంకా నిలబడే ఉన్న. ఇక్కడ నాకు ఓటు లేదు, అక్కడ ఓవర్సీస్ ఓటరుగ రాయించుకున్నా పోయే వెయ్యాలె, ఎప్పుడూ పోలే. నీ కథా గదే కదా, మరి రెండు దేశాలల్ల ఓటెయ్యనోళ్ళకు ఎవని తరఫున లొల్లి? క్లాసుల అడిగితే "నాకు ఓటు లేదు" అని నవ్వు, ఇంటి గ్రూపు మ్యూట్ చెయ్యి కని బాపుకు రోజూ ఫోన్ చెయ్యి, ఇయ్యాల రాత్రి నలుగురికి సరిపోయేటంత పప్పు వండు, తింటరో లేదో వాళ్ళిష్టం.

నేను వండలే. ఆ పోపాయనకు ఏటా ఉగాదికి మెసేజ్ పెడ్త, ఒక బొటనవేలు వస్తది, గంతే.